మామగారి పుస్తకాలు కాటాకు వేసే ముందు

ప్రశ్న: అయ్యా, మాది ప్రొద్దుటూరు. మా మామగారు హైస్కూల్లో తెలుగు పండితులుగా పనిచేసి రిటైరయ్యారు. పోయిన సంవత్సరం కాలం చేశారు. ఆయన పుస్తకాలు రెండు బీరువాల్లో, అటక మీద, మంచం కింద కలిపి 1,400 దాకా ఉన్నాయి. చందమామలు, రష్యా బొమ్మల పుస్తకాలు, డిటెక్టివ్ నవలలు, భారత భాగవతాలు, ఛందస్సు, శాసనాల సంపుటాలు, హోమియో వైద్యం, పాత పంచాంగాలు, లేనిదంటూ లేదు. మూడు నెలల్లో ఈ పాత ఇల్లు పడగొట్టి కొత్తది కట్టుకోవాలి. మావారికి బట్టల అంగడి. "కాటాకు వేసేద్దాం, కిలో పన్నెండు ఇస్తానన్నాడు" అంటున్నారు. హైదరాబాదులో ఉండే మా ఆడబిడ్డ "నాయన పుస్తకాలు ఒక్కటి కూడా కదిలించొద్దు" అంటుంది. తను మాత్రం ఒక్కటీ తీసుకుపోదు. మధ్యలో నాకు టెన్షన్. పాప ఎనిమిదో తరగతి, బాబు రెండో తరగతి. ఇద్దరిదీ ఇంగ్లీషు మీడియం. పాప తెలుగు కూడబలుక్కుని చదువుతుంది. వీటిలో ఏవి ఉంచుకోవాలి, ఏవి ఎవరికివ్వాలి? పిల్లలకు ఏమైనా పనికొస్తాయా? ఇంకో మాట, మామగారు చుట్టుపక్కల పల్లెల్లో ముసలివాళ్ళ దగ్గర విని సామెతలూ మాటలూ రాసుకున్న నోటుబుక్కులు పదకొండు ఉన్నాయి. వాటిని పాత పేపర్లతో కలిపి కట్టేసి వసారాలో పెట్టాం.
ఇట్లు, ఒక కోడలు.

జవాబు:

అమ్మా,

అన్నిటికంటే ముందు చెప్పాల్సిన మాటను మీరు చివర్లో ఒక్క ముక్కలో చెప్పి వదిలేశారు. ఈ జవాబు తర్వాత చదవచ్చు. ముందు వసారాలోకి పోయి, ఆ పదకొండు నోటుబుక్కులూ పేపర్ల కట్టలోంచి తీసి, బీరువా పై అరలో పెట్టి తాళం వేసి రండి.

వచ్చారా? ఇప్పుడు కూర్చుని మాట్లాడుకుందాం.

మీ మామగారి భాగవతం పోతే ఇంకో భాగవతం దొరుకుతుంది. ఛందస్సు పుస్తకం ఇంకో పండితుడి ఇంట్లో ఉంటుంది. చందమామ పాత సంచికలు ఎవరెవరో స్కాన్ చేసి ఇంటర్నెట్లో పెట్టారు. ఆ నోటుబుక్కులు మాత్రం ప్రపంచంలో ఒక్క ప్రతే ఉన్నాయి. అది మీ వసారాలో ఉంది. ఆయనకు మాటలు చెప్పిన ముసలివాళ్ళలో ఇప్పుడు ఎంతమంది మిగిలి ఉంటారు? కపిల (ఎద్దులతో బావిలోంచి నీళ్ళు తోడే మోట) తోలినవాడికే దాని పనిముట్ల పేర్లన్నీ తెలుస్తాయి. కపిలలు పోయాయి, మోటారు వచ్చింది, ఆ పేర్లు పలికే నోళ్ళు కూడా పోయాయి. మడక, గుంటక, గొర్రు అన్న సేద్యపు మాటలు మీ పాప విని ఉండకపోవచ్చు. గెనుసుగడ్డ, ఊరుబిండి, ఎనుము అంటే బడిలో నవ్వుతారని పిల్లలు ఇంట్లో కూడా అనడం మానేస్తున్నారు. ఒక తెలుగు పండితుడు చెవి పెట్టి విని, ఏ ఊళ్ళో ఎవరు చెప్పారో రాసుకున్న మాటలంటే మామూలు విషయం కాదు.

మన కడప జిల్లాకు ఇదేం కొత్త పని కాదు. రెండు వందల ఏళ్ళ కిందట కాలిన్ మెకంజీ అనే సర్వే అధికారి మన ఊళ్ళకు మనుషుల్ని పంపి, కరణాలు చెప్పిందీ, గుళ్ళలో వినిపించిందీ, ముసలివాళ్ళు అనుకునేదీ రాయించాడు. ఆ పనిలో ఆయనకు కుడిభుజాలు కావలి బొర్రయ్య, లక్ష్మయ్య అనే తెలుగు అన్నదమ్ములు. ఆ రాతలనే కైఫియత్తులంటారు. అప్పట్లో వాటిని చూసినవాళ్ళు పిచ్చి రాతలనే అనుకుని ఉంటారు. ఇప్పుడు ఏ ఊరి చరిత్ర రాయాలన్నా ముందు అవే తిరగేస్తారు.

అందుకని మొదటి పని ఇది. పగటిపూట కిటికీ పక్కన కూర్చుని ఫోనుతో ఆ నోటుబుక్కుల్లో ప్రతి పేజీ ఫొటో తీయండి. ఫ్లాష్ వద్దు. అట్టలు, ఖాళీ పేజీలు కూడా వదలొద్దు, తేదీలు ఎక్కువగా అక్కడే రాస్తారు. ఒక కాపీ మీ దగ్గర, ఇంకొకటి మీ ఆడబిడ్డ దగ్గర ఉండాలి. (ఆమెకు నాన్న జ్ఞాపకం కావాలి కదా, బరువు లేని జ్ఞాపకం ఇదే.) అసలు నోటుబుక్కులు తొందరపడి ఎవరికీ ఇవ్వొద్దు. "చూసి ఇస్తాను సార్" అని తీసుకుపోయినవాళ్ళు తిరిగి తెచ్చిన సందర్భాలు నా ముప్పై ఒక్క ఏళ్ళ లైబ్రరీ ఉద్యోగంలో వేళ్ళ మీద లెక్కపెట్టొచ్చు. ఆ రాతల మీద హక్కు ఆయన వారసులదే. రచయిత పోయిన మరుసటి ఏడాది నుంచి 60 ఏళ్ళు కాపీరైటు ఉంటుంది. ఎవరైనా అచ్చు వేస్తామంటే సంతోషంగా ఒప్పుకోండి. మామగారి పేరు అట్ట మీద ఉండాలని కాగితం మీద రాయించుకున్నాకే ఒప్పుకోండి.

ఇంత గట్టిగా ఎందుకు చెబుతున్నానో మీకు తెలియాలి. ఉద్యోగంలో చేరిన కొత్తలో నేను పనిచేసిన లైబ్రరీలో స్టాక్ వెరిఫికేషన్ పెట్టారు. నేను కుర్రవాణ్ణి, పని తొందరగా అయిపోవాలి. వెన్ను లేని పల్చటి పుస్తకాలు ఒక గోతంలో కనిపించాయి. పదహారు పేజీలవీ, ఇరవై పేజీలవీ, పిన్నులు తుప్పుపట్టినవీ. అన్నిటికీ కలిపి 'పనికిరానివి' అని రాసి సంతకం పెట్టాను. వేలంలో పోయాయి. పదేళ్ళ తర్వాత అనంతపురం నుంచి ఒక రీసెర్చి అబ్బాయి వచ్చాడు. కరువు రోజుల్లో గంజి కేంద్రాల లెక్కలు రాసిన చిన్న పుస్తకం కావాలని దాని పేరు చెప్పాడు. ఆ పేరు నాకు గుర్తుంది, ఎందుకంటే కొట్టివేత జాబితాలో దాన్ని రాసింది నేనే. "లేదు నాయనా" అన్నాను. ఎందుకు లేదో చెప్పలేదు. ఇప్పుడు మీకు చెబుతున్నాను.

ఇక మీ ఆయన మాటకు వద్దాం. ఆయన అన్నదాంట్లో తప్పు పట్టడానికి ఏమీ లేదు. ఇల్లు పడగొట్టాలి, కొన్నాళ్ళు అద్దె ఇంట్లో సర్దుకోవాలి, దుమ్ముకు పిల్లలు తుమ్ముతారు. పుస్తకాలంటే గౌరవం ఉన్నవాళ్ళందరూ ఇంట్లో 1,400 పుస్తకాలు పెట్టుకోవాలనే రూలు ఎక్కడా లేదు. కానీ అంగడి మనిషి కాబట్టి లెక్క ఆయనకే చెప్పండి. పుస్తకం సగటున మూడు వందల గ్రాములనుకున్నా, అన్నీ కలిపి 420 కిలోలు. కిలో పన్నెండు చొప్పున ఐదు వేల చిల్లర. మంచి పట్టుచీర ఒకటి కూడా రాదు. ఆ ఐదు వేలలో సగమైనా గైడ్లు, పాత టెక్స్టుబుక్కులు, ఒకటికి రెండున్న ప్రతులు, పేపర్ల కట్టలతోనే వచ్చేస్తుంది. వాటిని నిక్షేపంగా వేసుకోమనండి. నాకు వాటిమీద ఏ బాధా లేదు. పాత సిలబస్ గైడును దాచిపెట్టడం పుస్తకప్రేమ కాదు.

మీ ఆడబిడ్డ సంగతి కొంచెం సున్నితం. "ఒక్కటి కూడా కదిలించొద్దు" అనేవాళ్ళకు పుస్తకాల కంటే ఆ బీరువాలు ఉన్న గది కావాలి. ఆ గది ఎలాగూ పోతోంది. ఆ విషయం మీరు అనకండి, కోడలి నోట అది వేరేగా వినిపిస్తుంది. ఆమెను ఒక ఆదివారం రమ్మనండి. నాయన చేతులో ఎక్కువగా చూసిన పుస్తకాలు పది ఏరుకోమనండి. పది ఏరుకున్న మనిషి మిగతావాటి గురించి అంత పట్టుబట్టదు. రాలేనంటే జాబితా పంపి, ఫలానా తేదీలోపు చెప్పమనండి. గడువు లేని జాబితాకు ఎవరూ జవాబివ్వరు.

ఇప్పుడు ఏరడం. సబ్జెక్టుల వారీగా పేర్చాలని మొదలుపెట్టకండి, మూడో రోజుకే విసుగొస్తుంది. నంబర్లు వేయడం లాంటివి అసలే వద్దు. నా చేతికి 894.827 అని రాయడం సంతకం కంటే బాగా అలవాటు (లైబ్రరీలో తెలుగు సాహిత్యం నంబరు అది), కానీ ఇంట్లో దానితో పనిలేదు. హాల్లో రెండు దుప్పట్లు పరిచి, ఒక్కో పుస్తకం చేతిలోకి తీసుకుని, ఇది ఇప్పుడు ఎవరు చదువుతారు అని అడగండి. జవాబుగా ఒక మనిషి పేరో ఒక చోటి పేరో రావాలి. "ఎవరైనా చదువుతారులే" అని వచ్చిందంటే ఎవరూ చదవరని అర్థం.

ఏరేటప్పుడు ప్రతి పుస్తకాన్నీ వెన్ను పట్టుకుని తలకిందులుగా ఒకసారి దులపండి. మా లైబ్రరీకి దానంగా వచ్చిన పుస్తకాల్లో నెమలి ఈకలు, బస్సు టిక్కెట్లు, జాతకచక్రాలు, ఒకసారి యాభై రూపాయల నోటు, ఒకసారి పెళ్ళికి ముందు రాసుకున్న ఉత్తరం దొరికాయి. ఆ ఉత్తరం ఎవరిదో మా అందరికీ తెలుసు. మేము చదవలేదనే చెప్పాం. పొలం కాగితాలు కూడా పుస్తకాల్లోనే దాచే అలవాటు మన పెద్దవాళ్ళకు ఉంది, జాగ్రత్త.

అటక మీదవి దించేటప్పుడు ముక్కుకు గుడ్డ కట్టుకోండి. మట్టి గీతల్లా కనిపిస్తే చెదలు. వాటిని ఇంట్లోకి తేకుండా బయటే విడిగా పెట్టండి. మన సీమలో గాలి పొడిగా ఉంటుంది కాబట్టి కోస్తావాళ్ళకున్నంత బూజు బాధ మనకు లేదు. మనకు శత్రువులు చెదలూ, కారే మిద్దే. కొంచెం తేమ ఉన్నవాటిని ఎర్రటి ఎండలో పడేయకండి, కాగితం పెళుసెక్కి అట్టలు వంకర తిరుగుతాయి. నీడలో, గాలి ఆడేచోట, పుస్తకాన్ని కొద్దిగా తెరిచి నిలబెట్టండి. మెత్తటి కుంచెతో దుమ్ము తుడవండి. చిరిగినచోట సెలోటేపు మాత్రం అంటించొద్దు. నాలుగేళ్ళకు ఆ జిగురు పసుపుపచ్చగా మారి అక్షరాన్ని కూడా తినేస్తుంది. ఉంచుకునేవాటికి ఇనుప బీరువా చాలు. గోడకు నాలుగు వేళ్ళ ఎడం ఉండాలి, మరీ బిగించి పేర్చకూడదు. వేపాకు ఎండబెట్టి పెట్టండి. కలరా ఉండలు పెడతారు కానీ చిన్న పిల్లాడున్న ఇంట్లో నేను వద్దంటాను.

ఏది ఎక్కడికి అన్నది అడిగారు.

శాసనాల సంపుటాలు, ఊళ్ళ చరిత్రలు, గుళ్ళ స్థలపురాణాలు, బడి వార్షికోత్సవ సంచికలు, సభలకు వేసిన సావనీర్లు, పల్చటి పుస్తకాలు (నేను గోతంలో పారేసిన రకం) ఒక పక్కన పెట్టండి. వీటికి మన జిల్లాలోనే మంచి చోటు ఉంది. 1820లో కడపకు ఉద్యోగానికి వచ్చిన సి.పి. బ్రౌన్ ఇక్కడే బంగళా కొని, జీతాలిచ్చి పండితుల్ని పెట్టుకుని, తాళపత్రాలు సేకరించి, ప్రతులు పోల్చి చూసి సరిచేయించాడు. వేమన పద్యాలను 1829లో అచ్చు వేశాడు. ఆ బంగళా శిథిలమై మొండిగోడలు మిగిలితే, జానమద్ది హనుమచ్ఛాస్త్రిగారు ఊరూరా చందాలు అడిగి అక్కడే లైబ్రరీ కట్టించారు. ఇప్పుడది యోగి వేమన విశ్వవిద్యాలయం కింద సి.పి. బ్రౌన్ భాషా పరిశోధన కేంద్రంగా నడుస్తోంది. పరిశోధన చేసే పిల్లలు వెతుక్కుంటూ వచ్చే చోటు కాబట్టి ఇలాంటివి అక్కడ ఉంటేనే వాటికి విలువ. ఆటోలో వేసుకుపోయి దించేయకండి. ముందు జాబితా పంపండి, ఏవి కావాలో వాళ్ళు చెబుతారు. ఇదే పుస్తకం వాళ్ళ దగ్గర రెండు ప్రతులు ఉండొచ్చు.

ఛందస్సు, వ్యాకరణం, నిఘంటువులు సంస్థలకు కాదు, మనిషికివ్వండి. తెలుగు టీచరు పోస్టుకు చదువుతున్న అమ్మాయో అబ్బాయో మీ వీధిలోనే ఉంటారు. మామగారు పెన్సిలుతో పక్కన రాసుకున్న గుర్తులుంటే అవి ఇంకా మంచివి. గణవిభజన ఎక్కడ తప్పుతుందో అనుభవమున్న మాస్టారు గీత గీసి చూపించినట్టే. ఒక నిఘంటువు మాత్రం ఇంట్లో ఉంచుకోండి.

సాంఘిక నవలలు, కథల పుస్తకాలు, భారత భాగవతాల రెండో ప్రతులు మీ ఊరి శాఖా గ్రంథాలయానికి ఇవ్వొచ్చు. దానం తీసుకోవడానికి వాళ్ళకూ పద్ధతి ఉంటుంది, గ్రంథపాలకుణ్ణి ముందు అడగండి. ఒక సంగతి చాలామందికి తెలియదు. మీరు కట్టే ఇంటిపన్నులో గ్రంథాలయ పన్ను కూడా ఉంటుంది, రూపాయికి ఎనిమిది పైసలు. అంటే అది మీ డబ్బుతో నడిచే లైబ్రరీయే. ఇవ్వడానికి పోయినప్పుడు పిల్లలిద్దరికీ సభ్యత్వం కూడా రాయించుకుని రండి. ఆంధ్ర గ్రంథాలయోద్యమానికి పెద్దదిక్కుగా నిలిచిన గాడిచర్ల హరిసర్వోత్తమరావుగారు మన పక్కన కర్నూలులో పుట్టినవారే, కానీ మన సీమలో లైబ్రరీకి పోయే పిల్లలను చూడాలంటే ఇప్పుడు పోటీ పరీక్షల సీజను రావాలి.

డిటెక్టివ్ నవలల గురించి మీరు కొంచెం సిగ్గుపడుతూ రాసినట్టుంది. అక్కర్లేదు. అద్దె పుస్తకాల అంగళ్ళు నడిచిన రోజుల్లో తెలుగువాళ్ళు ఏకబిగిన చదివింది అవే. లైబ్రరీలు చిన్నచూపు చూసి కొనలేదు, ఇళ్ళలోవాళ్ళు చదివి పారేశారు. అందుకే ఇప్పుడు వెతికేవాళ్ళకు దొరకడం లేదు. అట్టలు బాగున్నవి ఉంచండి. మీ పాపకు అవే మొదటి తెలుగు పుస్తకాలు కావచ్చు, నేను కాదనను.

హోమియో పుస్తకాలు ఆ వైద్యం చదువుకున్నవాళ్ళకే ఇవ్వండి, ఇంట్లో చూసి మందులు వేసుకోవద్దు. పంచాంగాలు పడేయకముందు ఇంట్లోవాళ్ళు పుట్టిన సంవత్సరాలవి తీసి పెట్టండి. పెళ్ళి సంబంధాలప్పుడు పక్కింటివాళ్ళు కూడా వస్తారు.

చందమామలూ రష్యా బొమ్మల పుస్తకాలూ ఒక్కటి కూడా ఎవరికీ ఇవ్వద్దు. ఇది సలహా కాదు, ఇంచుమించు ఆర్డరు. 1947 జులైలో చందమామ మొదలుపెట్టిన బి. నాగిరెడ్డిగారిది మన కడప జిల్లానే, పొట్టిపాడు. రష్యా పుస్తకాలు మాస్కోలో తెలుగులో అచ్చయి, అణాకానీ ధరకు మన ఊళ్ళకు వచ్చేవి. మన విమర్శకులు రాచమల్లు రామచంద్రారెడ్డిగారు కూడా అక్కడ కొన్నేళ్ళు అనువాదకుడిగా పనిచేశారు. 1991లో సోవియట్ యూనియన్ విడిపోయాక రావడం ఆగిపోయింది. ఎలుగుబంటి పిల్లనూ మంచునూ ముప్పై తొమ్మిది డిగ్రీల ఎండలో కూర్చుని చూసిన తరం మాది. మీ బాబుకు ఆ బొమ్మలు చాలు, అక్షరాలు తర్వాత.

రెండో తరగతి పిల్లాడికి "చదువుకో" అని పుస్తకం చేతికిస్తే పుస్తకం మంచం కిందికి పోతుంది. మీరు చదవండి. రాత్రి పది నిమిషాలు, చందమామ కథ ఒకటి. సగం దగ్గర ఆపేసి "నిద్రొస్తోంది, రేపు" అనండి. తర్వాత ఏమైందో తెలియక వాడే పుస్తకం తెరిచి బొమ్మలు చూస్తాడు, ఆ తర్వాత బొమ్మ కింద మాట కూడబలుక్కుంటాడు. మా మనవడి మీద నాకు పనిచేసిన ఉపాయం ఇదొక్కటే. బహుమతులు, చాక్లెట్లు పెట్టి చదివిస్తే చాక్లెట్టు మీదే ధ్యాస ఉంటుంది.

పాప విషయంలో మీరు ఇంకో దారి పట్టాలి. ఎనిమిదో తరగతి పిల్లకు అమ్మ కథ చదివి వినిపిస్తే నామోషీ. ఆమెకు పని అప్పజెప్పండి. 1,400 పుస్తకాల జాబితా రాసే పని. రోజుకు ఇరవై. పేరు, రాసినవారు, ఏ సంవత్సరం, ఎన్ని పేజీలు, లోపల ఏమైనా రాసుందా. డెబ్బై రోజుల్లో అయిపోతుంది, మీ మూడు నెలల్లో సరిపోతుంది. జాబితా ఎలాగూ కావాలి, ఆడబిడ్డకు పంపాలి, బ్రౌన్ లైబ్రరీకి పంపాలి. దీన్ని తెలుగు ప్రాక్టీసు అని పొరపాటున కూడా అనకండి. రోజుకు ఇరవై పేర్లు రాసిన పిల్లకు నెల తిరిగేసరికి కూడబలుక్కోవాల్సిన అవసరం తగ్గుతుంది. మధ్యలో ఏదో ఒక పుస్తకం దగ్గర ఆగిపోయి ఆ రోజు ఇరవై పూర్తి చేయదు. ఆ రోజు ఏమీ అనకండి.

ఆమె ఆగాలని నేను కోరుకునే చోటు శాసనాల సంపుటాల దగ్గర. పండితులకు తప్ప అర్థం కాని పుస్తకాలని మీరు అనుకుంటూ ఉండొచ్చు. ఒకటి చేసి చూడండి. మీకు దగ్గర్లోనే, ఎర్రగుంట్ల మండలంలో కలమళ్ళ ఉంది. క్రీ.శ. 575 ప్రాంతంలో రేనాటి చోళుల ధనంజయుడు వేయించిన శాసనం అక్కడిదే. ఇంతవరకూ దొరికిన వాటిలో మొదటి తెలుగు శాసనంగా దాన్నే చెబుతారు. పుస్తకంలో ఆ పేజీ చూపించి, ఒక ఆదివారం పిల్లల్ని ఆ ఊరికి తీసుకుపోండి. పద్నాలుగు వందల ఏళ్ళ కిందటి తెలుగును తనూ కూడబలుక్కోవాల్సిందే, తెలుగు ఎమ్మే చదివిన నేనూ కూడబలుక్కోవాల్సిందే. ఆ ఒక్క రోజుకు ఇద్దరం సమానం.

ఇంకొకటి పోరుమామిళ్ళ చెరువు శాసనం. 1369 నాటిది, విజయనగర బుక్కరాయల కొడుకు భాస్కరుడు వేయించాడు. చెరువు కట్టడానికి రోజూ వెయ్యిమంది కూలీలు, రాతికట్టకు నూరు బండ్లు, రెండేళ్ళు పట్టిందని లెక్క చెబుతుంది. మంచి చెరువుకు పన్నెండు లక్షణాలు, ఆరు దోషాలు అని వరసగా రాశారు. కట్ట కారడం ఒక దోషం, చవుడు నేల ఒక దోషం, రెండు రాజ్యాల సరిహద్దులో ఉండటం ఇంకో దోషం. మన నీళ్ళ పంచాయితీలు టీవీలో చూసేవాళ్ళకు ఈ మూడోది ఎవరూ విడమరచి చెప్పక్కర్లేదు. పాపకు బడిలో నీటి సంరక్షణ మీద ప్రాజెక్టు ఇచ్చే ఉంటారు. అందరూ ఇంటర్నెట్లోంచి ఒకటే బొమ్మ అంటించుకుని వస్తారు. ఈమె ఆరు దోషాలు పట్టుకుపోతుంది.

మామగారి బీరువాలో కేతు విశ్వనాథరెడ్డిగారి 'కడప ఊర్ల పేర్లు' ఉందేమో చూడండి. తెలుగు పండితుడు, అందులోనూ ప్రొద్దుటూరాయన, ఉండే అవకాశం ఎక్కువ. పరిశోధన గ్రంథమే, కానీ బస్సు ప్రయాణంలో పిల్లలతో ఆడుకునే ఆటకు అంతకంటే మంచి పుస్తకం లేదు. జమ్మలమడుగులో మడుగుంది, ఎర్రగుంట్లలో గుంట ఉంది. బోర్డు చూసి పేరు విడగొట్టమనండి. నీళ్ళ కోసం ఇంత అల్లాడే సీమలో ఊళ్ళ పేర్లలో ఎన్ని నీళ్ళున్నాయో వాళ్ళే లెక్కపెడతారు. ఈ పుస్తకం దొరికితే బయటికి ఇవ్వకండి. కావాలంటే చదివి పిల్లలు పెద్దయ్యాక ఇవ్వండి.

ఇలా చూస్తే ఇంట్లో మిగిలేవి రెండు వందలో, రెండు వందల యాభయ్యో. ఒక బీరువా. మీ ఆయనకు ఆ మాట ముందే చెప్పండి: "ఒకే ఒక్క బీరువా, కొత్త ఇంట్లో దానికి గోడ చూపించండి" అని. సంఖ్య చెబితే వ్యాపారస్తుడు ఒప్పుకుంటాడు. ఇంకో సంగతి. ఆ చందమామల్లో ఎక్కడో ఒకచోట మీ ఆయన రెండో తరగతిలో పెన్సిలుతో రాసుకున్న పేరు ఉంటుంది, బొమ్మలకు మీసాలు పెట్టి ఉంటాడు. ప్రతి ఇంట్లో ఉంటుంది. అది కనిపించిన సంచిక మీ బాబుకు ఇవ్వండి, ఆయన అంగడి నుంచి వచ్చే వేళకు వాడి చేతిలో ఉండేటట్టు చూడండి. మీరేమీ అనక్కర్లేదు.

పాత పేపర్లతన్ని మాత్రం బడి ఉన్న రోజు పిలవొద్దు. ఆదివారం రమ్మనండి. బస్తా మూతి కట్టే ముందు పాప జాబితా చేత్తో పట్టుకుని ప్రతి పుస్తకానికీ టిక్కు పెట్టాలి. టిక్కు పడనిది బస్తాలో ఉంటే బయటికి తీయాల్సిందే, ఎంత తొందరగా ఉన్నా సరే.